పిల్లల మాట విన్న పంతులు

మన్యం జ్వరం పేరు చెబితే ఒకప్పుడు ఉత్తరాంధ్రలో ఇంటిల్లిపాదీ భయపడేవారు. కొండెక్కి దిగినవాడు కొన్నాళ్లకే చలితో వణుకుతూ మంచం పట్టేవాడు. అప్పట్లో దానికి గట్టి మందు క్వినైన్. ప్రాణం నిలబెట్టేది అదే. కానీ మోతాదు మించినా, పదేపదే మింగాల్సి వచ్చినా చెవుల్లో హోరు మొదలయ్యేది. కొందరికి వినికిడి తగ్గేది. పర్లాకిమిడిలో ఓ బడిపంతులుకు ఇదే జరిగిందని ఆయన జీవితం గురించి రాసినవాళ్లు చెబుతారు. సవరల భాష కోసం కొండల్లో తిరిగారు. మలేరియా పట్టుకుంది. క్వినైన్ మింగారు. జ్వరం తగ్గింది, చెవుడు మిగిలింది.

ఆ పంతులు గిడుగు వెంకట రామమూర్తి. ఆయన పుట్టినరోజు ఆగస్టు 29ని ఏటా తెలుగు భాషా దినోత్సవంగా జరుపుకుంటున్నాం. దండలు వేస్తాం, వాడుక భాషా పితామహుడంటాం. అంతటితో సరి. అయితే ఆయన భాషా పోరాటం పండితుల సభల్లో కంటే ముందు కొండ పిల్లల బడిలో మొదలైంది. పాఠం చెబుతుంటే పిల్లవాడి బుర్రలో ఏం జరుగుతోంది అన్నది అక్కడి ప్రశ్న. మన ఇళ్లలో చదువుకుంటున్న పిల్లలకూ అదే ప్రశ్న వర్తిస్తుంది కాబట్టి ఆయన కథ ఈ పేజీల్లో చెప్పుకోవాల్సిందే.

ముప్పై రూపాయల మాస్టారు

రామమూర్తి 1863లో శ్రీముఖలింగం దగ్గర పర్వతాలపేటలో పుట్టారు. తల్లి వెంకమ్మ, తండ్రి వీర్రాజు. తండ్రి ఉద్యోగరీత్యా చోడవరం బదిలీ అయ్యి, 1875లో విషజ్వరంతో కన్నుమూశారు. పన్నెండేళ్ల పిల్లవాడు విజయనగరంలో బంధువుల ఇంట్లో ఉండి చదువుకుని 1879లో మెట్రిక్యులేషన్ గట్టెక్కాడు. మరుసటి ఏడాదే పర్లాకిమిడి రాజావారి బడిలో ముప్పై రూపాయల జీతానికి చేరాడు. చెప్పాల్సింది చరిత్ర పాఠం.

ఉద్యోగం చేస్తూనే ఎఫ్.ఏ., బి.ఏ. ప్రైవేటుగా పూర్తిచేశారు. ఈలోగా ముఖలింగం గుడి గోడల మీద ఉన్న శాసనాలు ఎవరి సాయం లేకుండా చదవడం నేర్చుకుని, వాటి మీద ఇంగ్లీషులోనూ తెలుగులోనూ వ్యాసాలు ప్రచురించారు. తెలియనిది కనిపిస్తే దాని దగ్గరే కూర్చుండిపోయే స్వభావం ఆయనది.

పర్లాకిమిడి తూర్పు కనుమల పాదాల దగ్గర ఉంటుంది. చుట్టూ కొండల మీద సవర గూడేలు. సవరలు కొండ సరుకు తెచ్చి కింద అమ్ముకునేవారు. వాళ్ల భాష దిగువవాళ్లకు రాదు, దిగువవాళ్ల రాత వాళ్లకు రాదు. అప్పు పత్రంలో ఏం రాశారో తెలియకుండా వేలిముద్ర వేసే మనిషి ఎంత నష్టపోతాడో వేరే చెప్పనక్కర్లేదు. వాళ్లకు చదువు చెప్పాలన్న ఆలోచన రామమూర్తికి ఇక్కడే కలిగింది.

అలాంటి ఆలోచన ఎవరికి వచ్చినా సాధారణంగా ఏం చేస్తారు? గూడెంలో ఓ తెలుగు బడి పెట్టి, తెలుగు వాచకం పంచుతారు. ఆయన ముందు తానే విద్యార్థి అయ్యారు. తెలుగూ సవరా రెండూ వచ్చిన ఒక దళితుణ్ణి తన ఇంట్లోనే ఉంచుకుని, ఆయన దగ్గర సవర నేర్చుకున్నారు. అంటరానితనం అంత కరుడుగట్టిన రోజుల్లో ఒక బ్రాహ్మణ మాస్టారి ఇంట్లో ఈ ఏర్పాటు ఊళ్లో ఎలాంటి గుసగుసలు లేపి ఉంటుందో ఊహించుకోవచ్చు.

ఏడాది నిండేలోపే చెవి తయారు

సవర తెలుగుకు చుట్టం కాదు. సంతాలీ, ముండారీలతో పాటు ముండా కుటుంబానికి చెందింది. ఇంకా దూరపు చుట్టరికం చూస్తే కంబోడియాలోని ఖ్మేర్ భాష దాకా పోతుంది. గొంతును ఒక్క క్షణం బిగబట్టి వదిలే ధ్వని ఒకటి అందులో ఉంది. మన అక్షరాల్లో దానికి గుర్తు లేదు. అలాంటి ధ్వని విన్నప్పుడు పెద్దవాళ్లకు చాలాసార్లు తేడానే తెలియదు. రామమూర్తి ధ్వనిశాస్త్రం పుస్తకాలు తెప్పించుకుని సొంతంగా చదివి, చెవికి శిక్షణ ఇచ్చుకుని దాన్ని పట్టుకున్నారు.

పెద్దయ్యాక ఇంత కష్టపడి పట్టుకోవాల్సిన ధ్వనిని సవర పసిబిడ్డ తల్లి ఒళ్లో పడుకునే పట్టేస్తుంది. ఇదెలా అన్నది చాలా కాలం తర్వాత తేలింది. 1984లో జానెట్ వెర్కర్, రిచర్డ్ టీస్ అనే కెనడా పరిశోధకులు ఇంగ్లీషు ఇళ్లలో పెరుగుతున్న పసివాళ్లకు హిందీలోని త, ట లాంటి ధ్వనులు వినిపించారు. ఆరు నుంచి ఎనిమిది నెలల పిల్లలు తేడాను ఇట్టే గుర్తించారు. పది, పన్నెండు నెలల వాళ్లలో చాలామంది గుర్తించలేకపోయారు. పుట్టినప్పుడు బిడ్డ చెవి ఏ భాషకైనా సిద్ధంగా ఉంటుంది. ఇంట్లో వినిపించే భాషకు తగ్గట్టు మెదడు తొలి ఏడాదిలోనే ఆ సామర్థ్యాన్ని మలుచుకుంటుంది. అంటే అక్షరాభ్యాసానికి చాలా ముందే పునాది పడిపోతుంది. ఆ పునాది బడిది కాదు, ఇంటిది.

అందుకే వినికిడి విషయంలో పిల్లల డాక్టర్లు అంత పట్టుబడతారు. పుట్టిన నెలలోపు వినికిడి పరీక్ష చేయించడం మంచిది. ఏడాది దగ్గర పడుతున్నా బిడ్డ బాబా, మామా అంటూ ముద్దుమాటలు పలకకపోయినా, ఏడాదిన్నరకు ఒక్క మాటా రాకపోయినా, రెండేళ్లకు రెండు మాటలు కలిపి చెప్పలేకపోయినా ఆగకుండా డాక్టరుకు చూపించాలి. వాళ్ల నాన్నకూ మాటలు ఆలస్యమే అని తాతమ్మ ఇచ్చే భరోసా మీద ఏడాది గడిపేయకండి.

పదమూడు ఎలా పుడుతుంది

నాకు రామమూర్తి కథలో అన్నిటికంటే ఆసక్తి కలిగించేది సవర లెక్క. మనం పది దాకా లెక్కపెట్టి మళ్లీ పది మీద కడతాం. పదమూడు అంటే పదీ మూడూ. సవరలో పన్నెండు దాకా ఒక్కో అంకెకు ఒక్కో పేరు. పదమూడు అంటే పన్నెండూ ఒకటీ. అలా పన్నెండూ ఏడూ దాకా వెళ్తే పంతొమ్మిది. ఆపైన ఇరవై. అక్కణ్నుంచి ఇరవై మీద కడతారు. ముప్పై మూడు చెప్పాలంటే ఇరవై, పన్నెండు, ఒకటి.

ఇప్పుడు ఆరేళ్ల సవర పిల్లను ఊహించుకోండి. చింతగింజలు లెక్కపెట్టమంటే తన పద్ధతిలో తప్పు లేకుండా పెడుతుంది. పన్నెండు దగ్గర ఒక మెట్టు ఎక్కి, దాని మీద ఒకటి, రెండు అనుకుంటూ పోతుంది. బడిలో మాస్టారు పదుల కట్టలు, ఒకట్లు అంటారు. తెలుగులో అంటారు. ఆ పిల్ల తెల్లముఖం వేస్తుంది. మాస్టారి దృష్టిలో ఆమెకు లెక్కలు రావు. నిజానికి ఆమెకు వచ్చిన లెక్క మాస్టారికి రాదు.

పిల్లల్లో సంఖ్య అనే భావన ఒక్కసారిగా పుట్టదని స్విట్జర్లాండ్ శాస్త్రవేత్త ఝా పియాజే గమనించారు. నాలుగేళ్ల పిల్లవాడి ముందు గుండీలు రెండు వరుసల్లో సమానంగా పేర్చి, ఒక వరుసను కాస్త దూరం దూరంగా జరిపితే, పొడుగ్గా ఉన్న వరుసలోనే ఎక్కువ ఉన్నాయంటాడు. ఇంట్లో చేసి చూడొచ్చు. ఆరేడేళ్లకు అదే పిల్లవాడు నవ్వి, రెండూ ఒకటేగా అంటాడు. ఈ మార్పు కొట్టి తెప్పించేది కాదు. వస్తువులు పట్టుకుని, జరిపి, దాని గురించి మాట్లాడి తెచ్చుకునేది. ఆ మాట్లాడటం ఏ భాషలో జరగాలి? పిల్లవాడు తనలో తాను మాట్లాడుకునే భాషలోనే కదా.

తనలో తాను మాట్లాడుకోవడం అన్నది ఊరికే వాడిన మాట కాదు. మూడు నుంచి ఆరేడేళ్ల మధ్య పిల్లలు ఆడుకుంటూ పైకే మాట్లాడుకుంటారు. ఇది ఇక్కడ పెట్టాలి, పడిపోయింది, మళ్లీ పెడదాం. కాలక్రమంలో అది వయసుతో పాటు వదిలిపోయే అలవాటని పియాజే అనుకున్నారు. రష్యాలో లెవ్ విగోట్స్కీ దీనితో విభేదించారు. ఆ మాటలు మాయం కావనీ, లోపలికి వెళ్లి ఆలోచనగా మారతాయనీ ఆయన వాదం. విగోట్స్కీ 1934లో, 37 ఏళ్లకే చనిపోయారు. ఆలోచనకూ భాషకూ ఉన్న సంబంధం మీద ఆయన పుస్తకం ఆ ఏడాదే వెలువడింది. తర్వాతి పరిశోధనలు చాలావరకు ఆయన వైపే మొగ్గాయి. ఆటలో గొణుక్కుంటున్న పిల్లను నోరు మూసుకుని ఆడుకోమని గదమాయించే ముందు ఈ సంగతి గుర్తుంటే మేలు.

పర్లాకిమిడి మాస్టారు ఈ పుస్తకాలేవీ రాకముందే సవర పిల్లలకు సవరలో పాఠాలు రాశారు. సొంత డబ్బుతో అచ్చు వేయించారు. సొంత జీతంలోంచి తీసి ఉపాధ్యాయులకు జీతాలిచ్చి బడులు నడిపారు. 1911లో మద్రాసు ప్రభుత్వం ఆ పుస్తకాలకు పారితోషికం ఇవ్వబోతే, ఆ సొమ్ముతో సవరలకు బడి పెట్టమని చెప్పి వద్దన్నారని ఆయన జీవిత కథలో కనిపిస్తుంది. 1913లో రావు బహద్దూర్ బిరుదు మాత్రం వచ్చింది. ఆయన కొలతలు తీయలేదు, పట్టికలు వేయలేదు. పాఠం వింటున్న పిల్లల ముఖాలు చూశారు. ఉపాధ్యాయుడిగా ఆయనకున్న రుజువు అదే.

మన పిల్లల వాచకంలోనూ అదే గోడ

1907లో జె.ఎ. ఏట్స్ అనే ఇంగ్లీషు అధికారి కోస్తా జిల్లాల స్కూళ్లకు ఇన్‌స్పెక్టరుగా వచ్చారు. తరగతి గదుల్లో తెలుగు పాఠం జరుగుతున్న తీరు చూసి ఆయనకు ఒక సందేహం పట్టుకుంది. జనం మాట్లాడే తెలుగు ఒకటి, పుస్తకంలో తెలుగు ఇంకొకటి, ఎందుకని? విశాఖలో ఏ.వి.ఎన్. కాలేజీ ప్రిన్సిపాల్ పి.టి. శ్రీనివాస అయ్యంగారిని అడిగారు, విజయనగరంలో గురజాడ అప్పారావును అడిగారు. దీనికి జవాబు చెప్పగలవాడు పర్లాకిమిడిలో ఉన్నాడని గురజాడ దారి చూపించారు.

రామమూర్తికి ఆ ప్రశ్న కొత్తగా అనిపించి ఉండదు. సవర పిల్ల ముందు తెలుగు వాచకం ఎలాంటిదో, తెలుగు పిల్లవాడి ముందు గ్రాంథిక వాచకం కొంతవరకు అలాంటిదే. ఇంట్లో కుక్క మొరుగుతోంది. పుస్తకంలో శునకము మొఱుగుచున్నది. ఇంట్లో అమ్మ వచ్చింది. పుస్తకంలో తల్లి ఏతెంచెను. పిల్లవాడు చదివిన ప్రతి వాక్యాన్నీ ముందు తన తెలుగులోకి మార్చుకోవాలి, తర్వాతే అర్థం చేసుకోవాలి. పరీక్షలో రాసేటప్పుడు మళ్లీ వెనక్కి మార్చాలి. ఇంత పనిలో ఆలోచించడానికి తీరిక ఎక్కడిది? బట్టీ పట్టేస్తే గొడవ ఉండదు. అదే జరిగేది.

చదివేటప్పుడు మెదడు ఒకేసారి పట్టుకోగలిగిన సంగతులు కొన్నే. పిల్లల్లో అవి ఇంకా తక్కువ. అక్షరం కూడబలుక్కోవడంలోనో, తెలియని మాట దగ్గరో అవి ఖర్చయిపోతే వాక్యం చివరికొచ్చేసరికి మొదలు మరిచిపోతారు. గడగడా చదివి, ఏం చదివావంటే నీళ్లు నమిలే పిల్లలు ఈనాటికీ ప్రతి తరగతిలో ఉన్నారు. వాళ్లను మొద్దులనడం తేలిక.

ఆ తర్వాతి కథ తెలుగు సాహిత్య చరిత్రలో ఉన్నదే. 1911లో ఉద్యోగం నుంచి విరమించిన రామమూర్తి మిగిలిన జీవితమంతా ఈ పనికే పెట్టారు. స్కూల్ ఫైనల్లో వ్యాసం వాడుక భాషలోనూ రాయొచ్చని 1912-13లో వెసులుబాటు వచ్చింది. పండితులు మండిపడ్డారు. జయంతి రామయ్య పంతులు లాంటి పెద్దలు ఎదురు నిలిచారు. కొద్దికాలానికే ఆ వెసులుబాటు పోయింది. 1919లో తెలుగు అనే మాసపత్రిక పెట్టి ఏడాది పాటు నడిపారు. పండితులు గ్రాంథికమని రాస్తున్నదాంట్లో ఎన్ని తప్పులున్నాయో ఏరి చూపిస్తూ పుస్తకమే వేశారు. దాని పేరు ఆంధ్ర పండిత భిషక్కుల భాషా భేషజం. భాషకు వైద్యం చేస్తున్నామనుకునే వైద్యుల మందు మీద వేసిన చురక అది. మందుల సంగతి ఆయనకు బాగానే అనుభవం మరి. 1925లో తణుకు సభలో నాలుగు గంటలసేపు ఏకధాటిగా మాట్లాడారు. అప్పటికి ఆయన వయసు 62. ఆయన పట్టుదల కొన్నిసార్లు మొండితనం దాకా వెళ్లిందనే నా అభిప్రాయం. ఆ గొడవల్లో మాటలు రెండు వైపుల నుంచీ పరుషంగానే పడ్డాయి.

ఇప్పటి గోడ ఎక్కడుంది

ఇది చదువుతున్న ఇళ్లలో గ్రాంథికం భయం లేదు. ఇంగ్లీషు మీడియం ఉంది. మూడేళ్ల పిల్లవాణ్ణి ఎల్‌కేజీలో వేస్తాం, ఇంట్లో కూడా ఇంగ్లీషే మాట్లాడమని సలహా వస్తుంది. అపార్టుమెంట్లలో తరచూ కనిపించే దృశ్యం ఒకటుంది. ఊరి నుంచి వచ్చిన నానమ్మకు బోలెడన్ని కథలు వచ్చు. కానీ మనవడితో తెలుగులో మాట్లాడితే వాడి ఇంగ్లీషు పాడవుతుందేమోనని ఆవిడ టీవీ ముందు మౌనంగా కూర్చుంటుంది.

ఆ భయానికి ఆధారం లేదు. రెండు భాషలు వినడం వల్ల పిల్లలకు మాటలు ఆలస్యం కావు. రెండింటినీ కలిపి మాట్లాడటం జబ్బు కాదు, ఎదుగుదలలో భాగమే. మాటలు లెక్కించాల్సి వస్తే రెండు భాషల్లోవీ కలిపి లెక్కించాలి. నష్టం ఎప్పుడంటే, ఇంట్లో పెద్దవాళ్లు తమకు సరిగా రాని భాషలో పొడిపొడిగా నాలుగు ముక్కలు మాట్లాడి ఊరుకున్నప్పుడు. కమ్, సిట్, ఈట్ దగ్గర ఆగిపోయే ఇంట్లో, ఎందుకు, ఎలా, అలా కాకపోతే ఏమయ్యేది అన్న మాటలు ఎవరు మాట్లాడతారు? పిల్లల ఆలోచన సాగేది ఆ మాటల మీదే.

ఇంకో సంగతి. కెనడాలో జిమ్ కమిన్స్ అనే పరిశోధకుడు వలస కుటుంబాల పిల్లలను గమనించి చెప్పింది ఇది. కొత్త భాషలో ఆటస్థలం కబుర్లకు రెండేళ్లు చాలు. పాఠం అర్థం చేసుకునే స్థాయి భాషకు ఐదు నుంచి ఏడేళ్లు పట్టొచ్చు. మీ పాప ఇంగ్లీషులో చకచకా మాట్లాడుతోందని మురిసిపోతూ, సైన్సు పాఠం ఎందుకు తలకెక్కడం లేదో తెలియక ట్యూషన్లు మార్చేవాళ్లు ఈ తేడా గమనించాలి. ఆ పాఠాన్నే ఓసారి తెలుగులో చెప్పమనండి. చెప్పగలిగితే అర్థమైనట్టు, ఇంగ్లీషు మాటలు అందడానికే టైం కావాలి. తెలుగులోనూ చెప్పలేకపోతే భావనే పట్టుబడలేదు. చూపులోనో, వినికిడిలోనో, చదవడంలోనో ఇబ్బంది ఉందేమో చూపించాల్సిన అవసరమూ రావచ్చు.

అరకులోయ పిల్లలకు ఈ గోడ ఇంకా ఎత్తు. ఇంట్లో కువి, కొండ భాషల్లాంటివి. సంతలో అందరికీ తెలిసిన ఆదివాసీ ఒడియా. బడిలో తెలుగు. దాని పక్కనే ఇంగ్లీషు. మన పిల్లలకు ఒక మెట్టయితే వాళ్లకు మూడు. అరకు వెళ్లినప్పుడు మనం బొంగులో చికెన్ తిని, కాఫీ తోటలు చూసి, థింసా నాట్యానికి ఫొటోలు తీసుకుని వస్తాం. ఈ మెట్ల సంగతి మన కంటపడదు.

1931లో సవర వ్యాకరణం ఇంగ్లీషులో అచ్చయింది. 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా ప్రత్యేక రాష్ట్రమైంది. పర్లాకిమిడిని అందులో కలపడాన్ని చివరిదాకా వ్యతిరేకించిన రామమూర్తి, అర్ధశతాబ్దానికి పైగా బతికిన ఊరు వదిలి రాజమండ్రి వచ్చేశారు. సవర కొండలు వెనక ఉండిపోయాయి. సవర - ఇంగ్లీషు నిఘంటువు 1938లో మద్రాసు ప్రభుత్వ ప్రచురణగా వచ్చింది. అప్పటికి ఆయనకు 75 ఏళ్లు. చెవులకు మాట సరిగా అందని మనిషి, చెవితో ఏరుకొచ్చిన మాటల పుస్తకం అది. 1940 జనవరి 22న ఆయన కన్నుమూశారు. కొడుకు సీతాపతి సవర పని కొనసాగించారు. పిల్లల కోసం పాటలూ రాశారు.

పిల్లల మాతృభాషలో బోధన గురించి 2009 విద్యాహక్కు చట్టం, 2020 జాతీయ విద్యావిధానం కూడా మాట్లాడాయి. అంతకంటే ముందే, 2004లో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ఎనిమిది గిరిజన భాషల్లో వాచకాలు తయారుచేయించి 240 బడుల్లో బోధన మొదలుపెట్టింది. సవర, కువి, కొండ, ఆదివాసీ ఒడియా, కోయ, గోండి, కొలామి, బంజారా. పుస్తకాలు తెలుగు లిపిలోనే ఉంటాయి. ఒకటో తరగతి పిల్ల తన ఇంటి మాటలతో అక్షరాలు గుర్తుపడుతుంది. పై తరగతులకు వెళ్లేకొద్దీ తెలుగు పాలు పెరుగుతుంది. అక్షరాలు మాత్రం అవే. ఒకసారి నేర్చుకుంటే రెండు భాషలకూ పనికొస్తాయి.